సొలేన్ గొంతుకు నేనే సాక్షిని

నేను ఒక కాలరు మైకుని. చొక్కా గుండీలో సగం ఉంటాను, అంతే. సినిమా మైకు అనగానే మీకు పొడుగాటి కర్ర చివర బొచ్చు కప్పుకుని వేలాడే ఆ పెద్దమనిషి గుర్తొస్తాడు. వాడు వేరు, నేను వేరు. వాడు తలల మీంచి వింటాడు. నేను గుండె మీద కూర్చుని వింటాను. ఎవరి వినికిడి గొప్పదో మీరే చెప్పండి.

ప్రస్తుతం నా కాపురం యానాంలో, బుల్లబ్బాయి గారి ముందుగదిలోని అద్దాల బీరువాలో. నాకు ఒకపక్క ప్లాస్టిక్ తాజ్‌మహల్, ఇంకోపక్క ఏదో సినిమా వందరోజులు ఆడినందుకు పంచిన షీల్డు. ఆ షీల్డుకి కళ్ళు నెత్తిమీద ఉంటాయి. చుట్టాలెవరొచ్చినా ముందు దాన్నే చూస్తారు మరి. నేను పనిచేసిన సినిమాల్లో వందరోజుల మాట దేవుడెరుగు, రెండోవారం ఆడితే యూనిట్ అంతా కేకు కోసుకున్న సందర్భాలున్నాయి. అయినా దాని ముందు నేనెప్పుడూ తల వంచలేదు. ఫ్రెంచి నటి సొలేన్ గొంతు మోసినదాన్ని నేను. అది ఎవరి గొంతు మోసింది?

ఫ్రాన్సు మైకుకి ఇంత తెలుగెలా వచ్చిందంటారా? బుల్లబ్బాయి గారింట్లో ఉంటే గోడలకి కూడా వచ్చేస్తుంది. ఆయన నిద్రలో తప్ప ఆగరు. అందుకే ఆయన ఒక్కసారి ఆగిన కథ నేను చెప్పి తీరాలి. కాని దానికన్నా ముందు సొలేన్ కథ.

నేను పుట్టింది ఒక చలిదేశపు చిన్న కార్ఖానాలో. కంటికి భూతద్దం పెట్టుకున్న ఒకావిడ ఊపిరి బిగబట్టి నాలో వెంట్రుకలాంటి తీగ కూర్చింది. ఆమె బిగబట్టిన ఊపిరి వదలడమే నేను విన్న మొదటి శబ్దం. ఆ తర్వాత పారిస్‌లో ఒక కొట్టు అద్దం వెనక కొన్నాళ్ళు కూర్చున్నాను. అక్కణ్ణించి నన్ను తీసుకెళ్ళింది ఒడీల్. సినిమాలకి సౌండు రికార్డు చేసే మనిషి. పొట్టిగా, గట్టిగా, ముక్కుమీద కోపంతో ఉండేది. మాట తక్కువ. ఉదయం నమస్కారం చెప్పినా, ఎందుకు చెప్పారన్నట్టు చూసేది. కాని ఒక మంచి అలవాటుండేది. నన్ను ఎవరి ఛాతీ మీదైనా అంటించే ముందు కాసేపు తన గుప్పిట్లో పెట్టుకుని వెచ్చబరిచేది. చల్లటి ముక్క ఒంటికి తగిలితే నటులు ఉలిక్కిపడతారని. మనుషుల మీదకన్నా వాళ్ళ చర్మం మీద ఆమెకు ఎక్కువ దయ ఉండేదని నేను అనుకునేదాన్ని.

సొలేన్‌ని మొదటిసారి కలిసింది ఒక కోళ్ళఫారంలో. అది సినిమా షూటింగే, నమ్మండి. ఆ దర్శకుడి దగ్గర కథ తప్ప ఇంకేమీ లేదు. హీరో ఆయన బావమరిది. భోజనాలు ఆయన మేనత్త వండేది, ఎవరైనా పళ్ళెంలో మిగిలిస్తే మధ్యాహ్నం షాట్‌లో నటించనని అలిగేది, ఎందుకంటే ఆవిడకీ ఒక వేషం ఉంది. వాళ్ళ దేశంలో ఇలాంటి చిన్న సినిమాలు బోలెడు. పెద్ద కంపెనీ ఉండదు, కారవాన్ ఉండదు, హీరోయిన్ తన చీపురు తనే తెచ్చుకుంటుంది. సొలేన్ ఆ సినిమాకి తన కోటు, తన బూట్లు, తన పాత వ్యాను కూడా తెచ్చింది. ఆ వ్యాను కూడా సినిమాలో నటించింది, అదీ బాగానే.

ఒడీల్ నన్ను వెచ్చబరిచి ఆమె గుండె మీద అంటిస్తుంటే సొలేన్ ఆ చేయి పట్టుకుని ఆపింది.

"ఒక్కమాట చెప్పండి. నా గొంతు ఉన్నదున్నట్టు ఉంచుతారా? తర్వాత ఎవరిదో తెచ్చి అతికించరు కదా?"

ఒడీల్ ఆమెను కిందనించి పైదాకా చూసింది. "నాకు అతికించడం వచ్చింది ఈ టేపు ఒక్కటే. గొంతులు అతికించడం నేర్చుకోలేదు."

సొలేన్ నవ్వింది. అప్పుడు విన్నాను ఆ గొంతు మొదటిసారి దగ్గరగా. అబ్బ, ఏం గొంతండీ! తేనె లేదు, పాలు లేవు. ఎండిన వలని రాతిమీద ఈడ్చినట్టు గరగర. దాని అడుగున మాత్రం వెచ్చగా ఏదో ఉండేది. వినగా వినగా చెవికి అలవాటైపోయే గొంతు. ఆమెది బ్రిటనీ తీరంలో ఒక చేపలరేవు. వాళ్ళమ్మ సార్డిన్ చేపల్ని డబ్బాల్లో పెట్టే ఫ్యాక్టరీలో పనిచేసేది. ఆ యంత్రాల రొదలో ఒకరికొకరు వినపడాలంటే అరవాల్సిందే. అలా అరిచి అరిచి ఆ రేవులో ఆడవాళ్ళందరి గొంతులూ అలాగే అయ్యాయట, పిల్లలు కూడా అదే పలుకు పట్టుకున్నారట.

ఆరోజు భోజనాల దగ్గర ఆమె ఒడీల్‌కి అసలు సంగతి చెప్పింది. ఆమె మొదటి సినిమా మధ్యరకం కంపెనీది. షూటింగ్ బాగా జరిగింది. అందరూ మెచ్చుకున్నారు. తర్వాత ఆమెకు చెప్పకుండా, ఈ గరగర జనానికి ఎక్కదని, సన్నటి గొంతున్న ఇంకో అమ్మాయి చేత మాటలన్నీ చెప్పించి ఆమె పెదాల మీద పెట్టేశారు. తెలుగువాళ్ళకి డబ్బింగ్ గురించి నేను విడమరిచి చెప్పక్కర్లేదనుకోండి. మీ హీరోయిన్లు సగంమంది ఎవరి గొంతుతోనో ప్రేమిస్తారు, ఎవరి గొంతుతోనో ఏడుస్తారు, మీరు ఇద్దరికీ కలిపి చప్పట్లు కొడతారు. సొలేన్‌కి అలా ఎవరూ చెప్పలేదు.

ఆ సినిమా వాళ్ళ ఊళ్ళో ఆడింది. వీధి వీధంతా కదిలొచ్చింది. వాళ్ళమ్మ పండగ కోటు వేసుకుని ముందువరసలో కూర్చుంది. అప్పటికే ఆమెకు చక్కెర జబ్బుతో చూపు పూర్తిగా పోయింది. కూతుర్ని చూడలేదు, వింటుంది. అందుకే వచ్చింది. తెర మీద సొలేన్ నవ్వింది, ఏడ్చింది, పోట్లాడింది, అన్నీ ఆ సన్నటి గొంతుతో. సినిమా అయిపోయింది. లైట్లు వెలిగాయి. జనం చప్పట్లు కొడుతుంటే వాళ్ళమ్మ పక్కకు తిరిగి అడిగింది.

"నువ్వెప్పుడొచ్చావే తెరమీదికి? నేను మధ్యలో నిద్రపోయానా ఏంటి?"

సొలేన్ ఆవిడ కోటు గుండీలు పెట్టి, చెయ్యి పట్టుకుని బయటికి నడిపించింది. అమ్మ మాత్రం ఇంటికెళ్ళేదాకా, ఛీ, కూతురి సినిమాలో నిద్రపోయానే అని తనని తనే తిట్టుకుందట. సొలేన్ రెండో సినిమా రాకముందే ఆవిడ పోయింది. కూతురి గొంతు తెరమీంచి వినకుండానే పోయింది.

ఇది చెప్పినప్పుడు సొలేన్ ఏడవలేదు. కాని నేను గుండె మీద ఉన్నాను కదా, నాకు తెలుసు. నాకు చాలా బాధేసింది. ఒడీల్ చేతిలో రొట్టె అలాగే ఉండిపోయింది. చివరికి, "రేపటినుంచి నన్ను నువ్వు అని పిలు," అంది. ఒడీల్ నోటినుంచి అంతకన్నా ప్రేమగా ఒక మాట వస్తుందని నేను ఎన్నడూ అనుకోలేదు.

అప్పట్నించీ మా ముగ్గురి ప్రయాణం. సొలేన్ ఎవరు వేషమిచ్చినా ముందు ఒక్కటే మాట చెప్పేది. నా మొహం కావాలంటే నా గొంతు కూడా తీసుకోవాలి. పెద్దవాళ్ళు వెనక్కి తగ్గారు. చిన్నవాళ్ళు ముందుకొచ్చారు. వాళ్ళకి ఎటూ డబ్బింగ్ చేయించే స్తోమతు లేదు, అది వేరే విషయం. తెరమీద ఆమె రైల్లో టీ అమ్మింది, శవాలకి స్నానం చేయించింది, గొర్రెలు కాసింది, ఒక సినిమాలో ముందునుంచి చివరిదాకా వంటింట్లో కూర్చుని ఫోన్లో మాట్లాడింది. ఆ సినిమాలో దృశ్యాలు ఎవరికీ గుర్తులేవు. ఆ మాటలు గుర్తున్నవాళ్ళు నాకు ఎన్నో ఊళ్ళలో ఎదురయ్యారు.

ఒకసారి జనవరి చలిలో సముద్రంలోకి దిగే షాట్. దర్శకుడు సొలేన్‌తో నడుంలోతుదాకా చాలన్నాడు. ఆమె పూర్తిగా మునిగింది, నాతో సహా. నేను చచ్చాననే అందరూ అనుకున్నారు. ఒడీల్ నన్ను తుడిచి ఒక బియ్యం డబ్బాలో పాతిపెట్టింది. కొన్నాళ్ళకి తీసి చూస్తే బతికే ఉన్నాను. బియ్యంతో నాకు అదే మొదటి పరిచయం. గోదావరి జిల్లాల గాలి తగులుతుందని అప్పుడే రాసిపెట్టి ఉందేమో.

మైకులకి ఒక సౌఖ్యం ఉంది, చెప్పొద్దూ. భోజనానికి వెళ్ళేటప్పుడు నటులు మమ్మల్ని తీయడం మర్చిపోతారు. అలా ఎన్ని కాపురాల సంగతులు, ఎన్ని చాడీలు మా చెవిన పడ్డాయో! దర్శకుణ్ణి మొహం మీద మహానుభావుడని, చెట్టు చాటుకెళ్ళి మూర్ఖుడని అన్నవాళ్ళందరూ నాకు తెలుసు. ఒకసారి భోజనాల బల్ల దగ్గర ఒక పెద్ద కంపెనీ మనిషి సొలేన్‌కి పెద్ద వేషం ఇస్తానన్నాడు. అన్నీ చెప్పి చివర్లో, "మీ గొంతు సంగతి తర్వాత చూసుకుందాం లెండి," అన్నాడు. సొలేన్ తన ముందున్న ఆపిల్ కేకు తీరిగ్గా తినేసింది. "కేకు బాగుంది, మీ వేషం వద్దు," అని లేచొచ్చేసింది. దూరంగా హెడ్‌ఫోన్లు పెట్టుకున్న ఒడీల్ ఒక్కతే పకపకా నవ్వుతుంటే, చుట్టూ ఉన్నవాళ్ళు ఈమెకి పిచ్చెక్కిందనుకున్నారు.

సొలేన్‌కి ఎప్పుడూ పని దొరికింది. చిన్న సినిమాల్లో ఆమె పేరే ఒక హామీ అయిపోయింది. చిన్నచిన్న ఉత్సవాల్లో బహుమతులొచ్చాయి. ఒకచోట వేదిక మీద ఆ బహుమతి పట్టుకుని, "ఇది మా అమ్మ గొంతు. నేను దీన్ని మోస్తున్నానంతే," అంది. నేను ఆమె కాలరులోనే ఉన్నాను. నాకు గర్వంతో కడుపు నిండిపోయింది. మోస్తున్నది ఇద్దరమూ కదా.

అలా మోస్తూ ఉండగా, ఒక మధ్యాహ్నం ఆమె మళ్ళీ నన్ను తీయడం మర్చిపోయింది. ఫోనొచ్చింది. డాక్టరు. కొంతకాలంగా ఆ గరగరలో నాకు ఏదో కొత్త చప్పుడు వినిపిస్తూనే ఉంది, మాట చివర తెగిపోయే చప్పుడు. డాక్టరు నెమ్మదిగా చెబుతున్నాడు. గొంతులో గడ్డ. స్వరపేటిక తీసేయాలి. ప్రాణానికి భయం లేదు. మాట మాత్రం ఉండదు.

హెడ్‌ఫోన్లలో ఒడీల్ అంతా విన్నది. ఏమీ విననట్టే సాయంత్రందాకా పనిచేసింది. మర్నాడు ఒక ఫ్లాస్కు నిండా వేడి తేనెనీళ్ళు తెచ్చి సొలేన్ ముందు పెట్టింది. సొలేన్ ఫ్లాస్కుకేసి చూసి, నాకేసి చూసి, "మైకు తీయలేదు కదూ," అంది. ఒడీల్ తలూపింది. ఇద్దరూ తేనెనీళ్ళు తాగారు.

ఆ రోజుల్లోనే హైమ వచ్చింది. పంపన హైమ, యానాం అమ్మాయి. పారిస్‌లో సినిమా చదువుకుంది, సొలేన్ సినిమాలన్నీ చూసింది. తన మొదటి సినిమాకి ఆమెను దృష్టిలో పెట్టుకుని వేషం రాసింది. యానాం నుంచి వెళ్ళి ఫ్రెంచి సైన్యంలో పనిచేసి చనిపోయిన ఒకాయన భార్య. ఫ్రెంచావిడ. మొగుడు పోయాక, ఎన్నడూ చూడని అత్తగారిని వెతుక్కుంటూ యానాం వస్తుంది. ఆ అత్తాకోడళ్ళ కథ. సొలేన్ చదివి, ఆపరేషన్ తేదీకి కాస్త ముందే షూటింగ్ పెట్టమంది. ఎందుకో హైమకి చెప్పలేదు. ఒడీల్ మాత్రం సొలేన్ మీద ఇంతెత్తున లేచింది.

"ముందు ప్రాణం చూసుకో! సినిమా ఎక్కడికి పోతుంది?"

"సినిమా ఎక్కడికీ పోదు. గొంతే పోతుంది," అంది సొలేన్. "మొదటి సినిమా ఎవరి గొంతుతోనో పోయింది. చివరిది నాదై ఉండాలి. నువ్వొస్తావా, రావా?"

ఒడీల్ తిట్టుకుంటూనే మోకాళ్ళకి పట్టీలు చుట్టుకుని విమానం ఎక్కింది.

యానాం! ఇప్పుడు నా సొంతూరు కాబట్టి కొంచెం గొప్ప చెప్పుకుంటాను. గోదారి సముద్రంలో కలిసే చోటుకి దగ్గర్లో, ఒకప్పుడు ఫ్రెంచివాళ్ళు ఏలిన, వీధుల పేర్లలో ఇంకా ఫ్రెంచి వాసన మిగిలిన ఊరు. రేవులో దిగగానే సొలేన్ గట్టిగా గాలి పీల్చింది. ఎండు చేపల వాసన. "ఇది మా ఊరే," అంది. ఒక ముసలాయన సైకిలాపి ఆమెకు ఫ్రెంచిలో నమస్కారం చెప్పి, తన తండ్రికి ఫ్రాన్సునుంచి వచ్చిన పింఛను గురించి మాట్లాడి వెళ్ళాడు. ఒడీల్‌కి మాత్రం చెవులు చిల్లులుపడ్డాయి. ఆటోలు, కాకులు, రొయ్యలబండి హారన్లు, పెళ్ళివారి మైకుసెట్టు. పైగా బుల్లబ్బాయి గారు.

ఆయన హైదరాబాదులో పెద్ద సినిమాలకి అసిస్టెంటు డైరెక్టరుగా పనిచేసి యానాం తిరిగొచ్చిన మనిషి. మెడలో ఎర్ర తువ్వాలు, నోటినిండా కిళ్ళీ. ఆయన ప్రత్యేకత ప్రాంప్టింగు. తెలుగు రాని హీరోయిన్లకి కెమెరా వెనక నిలబడి గట్టిగా డైలాగు అందించడం. ఆయన అంటే ఆమె అంటుంది. ఆయన గొంతు ఎలాగూ డబ్బింగులో పోతుంది కాబట్టి ఎంత అరిచినా ఫర్వాలేదు. పాపం, జీవితమంతా అలాగే అరిచారు. హైమ సినిమాలో డబ్బింగు లేదని, అక్కడే రికార్డవుతుందని ఎన్నిసార్లు చెప్పినా ఆయన, "ఆయ్, అలాగేనండి," అనేవారు. కెమెరా తిరగ్గానే నోరు దానంతటదే తెరుచుకునేది.

మా పనిలో ఒక ఆచారం ఉంది. ప్రతి సీను అయ్యాక అందరూ కదలకుండా నిలబడతారు. ఆ గది నిశ్శబ్దాన్ని కాసేపు రికార్డు చేస్తాం, తర్వాత మాటల సందుల్లో పరచడానికి. ఫ్రాన్సులో అది మాకు దేవుడి దగ్గర నిలబడినట్టు. యానాంలో ఒడీల్ చెయ్యి పైకెత్తి నిశ్శబ్దం అడిగితే, బుల్లబ్బాయి గారు వీధిలోకెళ్ళి, "అందరూ సైలెంటండీ! ఎవరూ మాటాడకండి! ఏమయ్యా రొయ్యలబ్బాయ్, నోరుముయ్యి!" అని ఊరంతా వినిపించేలా అరిచేవారు. ఒడీల్ తలపట్టుకుని కూర్చునేది. నేను లోపల్లోపల తెగ నవ్వుకునేదాన్ని.

సొలేన్ మాటలు చాలావరకు ఫ్రెంచివే కాబట్టి ఎలాగో నెట్టుకొచ్చాం. ఆఖరి రోజు వచ్చింది. మర్నాడు ఆమె విమానం. మిగిలింది సినిమాకి ప్రాణంలాంటి సీను. కోడలు అత్తగారి గుమ్మంలో నిలబడి, మొగుడు నేర్పిన ఒకే ఒక్క తెలుగు మాట చెప్పాలి. "అత్తా, ఆకలేస్తోంది." అత్తగారి వేషం వీరాయమ్మ గారిది. హైమ వాళ్ళ పక్కింటావిడ, నటనతో ఏ సంబంధమూ లేదు. కళ్ళకి శుక్లాలు. ఆపరేషనంటే భయపడి చేయించుకోలేదు. ఎదురుగా ఎవరున్నారో ఆవిడకి మసగ్గానే కనపడుతుంది. అందర్నీ గొంతుని బట్టే పోల్చుకుంటుంది. అరుగు మీద కూర్చుని రొయ్యలు వలుస్తూ, కోడలి మాట వినపడగానే తలెత్తాలి. అంతే ఆవిడ పని.

కెమెరా తిరిగింది. సొలేన్ గుమ్మంలోకొచ్చింది. నోరు తెరవబోయింది. ఇంతలో వెనకనించి ఫిరంగి పేలినట్టు, "అత్తా! ఆకలేస్తోంది!"

వీరాయమ్మ ఉలిక్కిపడి చేతిలో రొయ్యని జారవిడిచింది. మళ్ళీ తీశారు. మళ్ళీ అదే. మూడోసారి ఆయన నాలుక కరుచుకున్నారు కాని అప్పటికే సగం మాట బయటపడింది. ఒడీల్ హెడ్‌ఫోన్లు తీసి నేలమీద కొట్టినంత పనిచేసింది. ఫ్రెంచిలో ఆమె అన్న మాటలు నేను తెలుగులోకి తేలేను, తేకూడదు.

బుల్లబ్బాయి గారు నొచ్చుకున్నారు. "ఏటండి హైమమ్మా, ఈవిడికింత కోపం? మాట అందించకపోతే ఎలాగండి, ఆవిడికి తెలుగొచ్చేటి? ఇంతమాత్రం దానికి గొడవెందుకండి? మా రాజమండ్రిలో ఒకమ్మాయుందండి, గొంతు తేనండి తేనె. దానిచేత చెప్పించేద్దాం. తెరమీద ఎవరికి తెలుత్తాదండి?"

హైమ అలసిపోయింది. వెలుగు తగ్గిపోతోంది. సొలేన్ దగ్గరికెళ్ళి ఫ్రెంచిలో, "ఈ ఒక్క మాటా మీరే పారిస్‌లో స్టూడియోకి వెళ్ళి, చెప్పి పంపుతారా మేడమ్? వచ్చే నెలలో ఎప్పుడైనా సరే," అని అడిగింది.

"వచ్చే నెల నాకు గొంతుండదు హైమా," అంది సొలేన్. అని ఊరుకోలేదు. గడ్డ సంగతి, ఆపరేషన్ సంగతి, అమ్మ ముందువరసలో కూర్చున్న సంగతి, అన్నీ చెప్పింది. పొద్దున్నించీ మాట్లాడి మాట్లాడి అప్పటికే ఆ గొంతు సగం అరిగిపోయింది. "ఇంకో గొంతు పెట్టకు. కావాలంటే ఆ సీను తీసెయ్యి. నా పెదాల మీద మళ్ళీ ఇంకొకరిని మాత్రం కూర్చోబెట్టకు."

 హైమ కళ్ళు తుడుచుకుంటూ బుల్లబ్బాయి గారికి తెలుగులో చెప్పింది. ఆయన కిళ్ళీ నమలడం ఆగిపోయింది.

"అయ్ బాబోయ్," అన్నారు చాలా చిన్నగా. "ముందే చెప్పుంటే నా నోరు కుట్టేసుకుందును కదండి."

అని మెడలో తువ్వాలు తీసి, ఉండచుట్టి నోట్లో కుక్కుకున్నారు. వీధి చివరికెళ్ళి ఆటోలు ఆపారు. రొయ్యలబండి తాళంచెవి లాక్కున్నారు. పెళ్ళివారింటికెళ్ళి చేతులు జోడించి మైకుసెట్టు ఆపించారు. అంతా సైగలతోనే. తిరిగొచ్చి కెమెరా వెనక తన చోట్లో నిలబడ్డారు.

ఆఖరి టేకు. సొలేన్ గుమ్మంలోకొచ్చింది. నిలబడింది. నోరు తెరిచింది. మాట రాలేదు. గొంతు పోయి కాదు, మాటే మర్చిపోయింది! ఆ గుండె దడదడ నా మీద కొడుతోంది. నేనైతే బెంబేలెత్తిపోయాను. అటు బుల్లబ్బాయి గారి మొహం జేవురించింది. ఆయన నాలుక చివర ఆ రెండు మాటలూ ఉన్నాయి. జీవితమంతా ఆయన పని అదే, ఇలాంటి క్షణంలో మాట అందించడం. ఆయన కళ్ళు గట్టిగా మూసుకుని తువ్వాలు కొరికేస్తున్నారు. ఒక్క మాట అంటే ఆమె అనేస్తుంది. అన్నారంటే టేకు పోతుంది. ఆయన అనలేదు.

నిశ్శబ్దం. అందులో సొలేన్ ఊపిరి ఒక్కటే, రాతిమీద వల ఈడ్చినట్టు.

వీరాయమ్మకి మాట వినపడకపోతే ఏంచెయ్యాలో ఎవరూ చెప్పలేదు. ఆవిడ రొయ్యలు వలవడం ఆపింది. గుమ్మంలో మసకగా ఎవరో ఉన్నారు, ఆయాసపడుతున్నారు. ఆవిడ మెడ చాచి విన్నది.

"ఎవరే తల్లీ? గొంతెండిపోయిందే నీకు. ఆకలేత్తందా?"

ఆకలి. ఆ మాట సొలేన్‌కి తెలుసు. వారాల తరబడి నాముందు వల్లెవేసిన మాట.

"ఆఁ," అంది సొలేన్. తెలుగులో. ఎవరూ నేర్పని మాట. ఆ వెంటనే, తెగిపోతున్న ఆ గొంతుతో, "ఆకలి... అత్తా."

వీరాయమ్మ రొయ్యల పళ్ళెం పక్కకి నెట్టింది. చేత్తో తడుముకుంటూ ఆమె మణికట్టు పట్టుకుని, "రా మరి, అలా నిలబడిపోతావేంటి," అని లోపలికి లాక్కెళ్ళింది. హైమ కట్ చెప్పడం మర్చిపోయింది. అంతా నాలో పడింది. ఒక్క చుక్క కూడా ఒలకనివ్వలేదు నేను. మైకు అయి పుట్టినందుకు అంతకన్నా ఏం కావాలండీ!

ఒడీల్ చెయ్యి పైకెత్తింది, గది నిశ్శబ్దం కోసం. యానాం మొదటిసారి ఆ చెయ్యి మాట విన్నది. తువ్వాలు నోట్లో ఉండగానే బుల్లబ్బాయి గారి చెంపల మీద నీళ్ళు కారాయి. చప్పుడు మాత్రం చెయ్యలేదు. ఒడీల్ హెడ్‌ఫోన్లు దించి, వచ్చీరాని తెలుగులో ఒకే మాట అంది. "దొరికింది."

ఆపరేషన్ అయింది. సొలేన్ బతికింది, మాట పోయింది. ఒడీల్ పనిమానేసి, నా తీగ కత్తిరించి, వెనక ఒక పిన్ను అతికించి, నన్ను సొలేన్‌కి ఇచ్చేసింది. తీగ పోయినంత మాత్రాన చెవులు పోతాయా? నేను వింటూనే ఉన్నాను.

హైమ సినిమా యానాంలో ఒక ఆదివారం మార్నింగ్ షో వేశారు. సొలేన్ వచ్చింది. మెడకి పల్చటి స్కార్ఫు, దానిమీద బ్రోచి బదులు నేను. సినిమా అయ్యాక ఆమె నన్ను విప్పి బుల్లబ్బాయి గారి చొక్కాకి పెట్టింది. ఆయన, "నాకెందుకండి, నేనేం చేశానండి?" అన్నారు. ఆమె తన నోటిమీద వేలు పెట్టి చూపించింది. ఆ వేలి అర్థం ఆయనకి తెలిసింది. ఇంటికొచ్చి వందరోజుల షీల్డుని పక్కకి జరిపి నాకు చోటిచ్చారు. ఇప్పటికీ చుట్టాలొస్తే ఆ షీల్డు కథ రెండు ముక్కల్లో ముగించి, నా కథ గంటసేపు చెబుతారు. మౌనంగా ఉన్నందుకు దొరికిన బహుమతి గురించి అంతసేపు మాట్లాడే మనిషిని నేనెక్కడా చూడలేదు.

ఇదంతా ముందే ఎందుకు చెప్పేశానంటే, ఇప్పుడు చెప్పబోయేదాని తర్వాత నాకు ఇంకేమీ చెప్పాలనిపించదు.

ఆ మార్నింగ్ షో రోజు హాల్లో సొలేన్ ముందువరసలో కూర్చుంది. ఒకపక్క హైమ, ఇంకోపక్క వీరాయమ్మ. ఆవిడ అప్పటికీ కళ్ళ ఆపరేషన్ చేయించుకోలేదు. తెరమీద ఆవిడకి కనపడేది వెలుగూ చీకటీ మాత్రమే. లైట్లు ఆరిపోయాయి. బొమ్మ ఇంకా రాలేదు. చీకట్లో ముందుగా ఒక గొంతు వినిపించింది, వల ఈడ్చినట్టు గరగరగా, అడుగున వెచ్చగా. హాలంతా నిండిపోయింది.

వీరాయమ్మ ఒక్కసారిగా నిటారుగా కూర్చుంది. పక్కకి చెయ్యి చాచి, సొలేన్ చెయ్యి వెతుక్కుని పట్టుకుంది.

"అదుగో, నువ్వొచ్చేసావే!" అంది గట్టిగా, హాలంతా వినపడేలా.

హైమ వంగి ఆ మాట ఫ్రెంచిలో సొలేన్ చెవిలో చెప్పింది.  సొలేన్ వీరాయమ్మ వైపు తిరిగింది. ఆ ముసలి మొహానికి దగ్గరగా తన మొహం తెచ్చి, పెదాలు తెరిచింది. మాట రాదని ఆమెకు తెలుసు. అయినా అంది.

"ఆఁ."

ఎవరికీ వినపడలేదు. నాకు వినపడింది.